నానమ్మకు 2 కేబీ పెళ్లి వీడియో ఇచ్చా!

మీ ఫోన్లో ఎన్ని డ్రాఫ్టులున్నాయి? క్లిప్పులు కట్ చేసి, పాట కలిపి, టెక్స్ట్ పెట్టి, 'రేపు చూద్దాంలే' అని వదిలేసిన రీల్స్ ఓ నాలుగైదైనా ఉంటాయి కదా! నాకూ ఒక డ్రాఫ్ట్ ఉండేది. ఒకటీ రెండూ కాదు, ఏడేళ్లకు పైగా డ్రాఫ్ట్‌గానే ఉండిపోయింది. అది రీల్ కాదు. మా అమ్మానాన్నల పెళ్లి వీడియో.

నేను హైదరాబాద్‌లో సాఫ్ట్‌వేర్ ఇంజినీర్ని. రోజూ కోడ్ రాయడమే నా పని. అయినా, రాసిన కోడ్ వేరు, అది నడిస్తే వచ్చే ఫలితం వేరు అన్న చిన్న విషయం నాకు మా నానమ్మ దగ్గరే అర్థమైంది. అప్పటికి కొంత ఆలస్యమైంది. ఆ ఆలస్యం మీకు జరగకూడదనే ఇది రాస్తున్నా.

ఫొటోలో నడక ఉండదు

మాది తెనాలి. 2017 వేసవి సెలవుల్లో, నేను బీటెక్ థర్డ్ ఇయర్‌కి వెళ్లబోతున్నప్పుడు, నానమ్మ బీరువాలోంచి ఒక వీహెచ్ఎస్ క్యాసెట్ తీసింది. 1994లో రేపల్లెలో జరిగిన మా అమ్మానాన్నల పెళ్లి. "అమ్మాయ్, నువ్వు కంప్యూటర్ చదువుతున్నావుగా, ఇది టీవీలో వచ్చేట్టు చేసిపెట్టు" అంది.

"పెళ్లి ఆల్బమ్ ఉందిగా నానమ్మా!" అన్నా.

"ఆల్బమ్‌లో మీ తాత ఉన్నాడే. ఆయన నడక లేదుగా" అంది.

నాన్నవాళ్ల నాన్న నాకు ఏడేళ్లప్పుడే పోయారు. ఎదుర్కోలు సమయంలో ఆయన గొడుగు పట్టుకుని అందరికంటే ముందు నడిచి వస్తారట. ఒక కాలు కొంచెం ఈడ్చి నడిచేవారట. అది చూడాలని నానమ్మ కోరిక. ఇంకో సంగతి ఆమె చెప్పలేదు, నాన్న చెప్పారు. నానమ్మకు నీటికాసుల జబ్బు మొదలైంది. అదేనండీ, గ్లకోమా. పోయిన చూపు తిరిగి రాదని, ఉన్నదాన్ని కాపాడుకోవడమే మార్గమని డాక్టరుగారు చెప్పారట.

ఊళ్లో ఒక పాత వీడియో స్టూడియోలో వీసీఆర్ ఇంకా పనిచేస్తోంది. అదే అదృష్టం. ప్రపంచంలో చివరిదాకా వీసీఆర్‌లు తయారుచేసిన జపాన్ కంపెనీ ఫునాయ్ 2016లోనే వాటిని ఆపేసింది. నేను ఆ వీసీఆర్‌కి క్యాప్చర్ కార్డు తగిలించి, 110 నిమిషాల టేపుని రెండు ఫైళ్లుగా లాప్‌టాప్‌లోకి ఎక్కించా. నాణ్యత ఏమాత్రం తగ్గకూడదని హఫ్‌వైయూవీ అనే లాస్‌లెస్ ఫార్మాట్ వాడా. రెండూ కలిపి దాదాపు 65 జీబీ వచ్చాయి. వాటిని ఎక్స్‌టర్నల్ హార్డ్ డిస్కులో దాచా.

స్క్రిప్ట్‌తో వీడియో ఏంటి?

వీడియో ఎడిటింగ్ అంటే మనకు టైమ్‌లైన్, కత్తెర గుర్తు, ఫిల్టర్లు గుర్తొస్తాయి. ఇంకో పద్ధతి కూడా ఉంది. ఎడిటింగ్ అంతా నోట్‌ప్యాడ్‌లో రాసేయడం! 2000 ప్రాంతంలో వచ్చిన అవీసింథ్ అనే ఉచిత సాఫ్ట్‌వేర్ పని ఇదే. 'ఈ ఫైల్ తెరువు, అంచుల్లో నల్లగీతలు కత్తిరించు, చుక్కలు తగ్గించు, రంగు సరిచేయి' అని వరుసగా ఆదేశాలు రాయాలి. ఆ టెక్స్ట్ ఫైలే మీ ప్రాజెక్టు. పైథాన్ వచ్చినవాళ్లకు ఇదే పని చేసే వేపర్‌సింథ్ ఉంది. యూట్యూబ్‌లో లెక్కల వీడియోలు చేసే గ్రాంట్ శాండర్సన్ తన బొమ్మల కోసం రాసుకున్న మానిమ్ కూడా ఈ కోవలోదే. అక్కడ కూడా కోడ్ రాస్తే బొమ్మ కదులుతుంది.

ఇందులో గొప్పతనం ఏంటంటే, అసలు ఫైలుని ముట్టుకోదు. తప్పు చేస్తే ఒక లైను మారిస్తే చాలు. పైగా ఆ స్క్రిప్ట్‌ని కొన్ని ప్లేయర్లలో నేరుగా తెరవొచ్చు. ప్లేయర్ ఒక్కో ఫ్రేమ్ అడుగుతుంటే, అవీసింథ్ అప్పటికప్పుడు తయారుచేసి అందిస్తుంది. హోటల్లో పెనం మీద నుంచి నేరుగా ప్లేటులోకి దోసె వేసినట్టు అన్నమాట.

నేను బోల్తాపడింది సరిగ్గా అక్కడే. 23 లైన్లు రాశా. లాప్‌టాప్‌లో తెరిస్తే పెళ్లి మొత్తం చక్కగా కనిపించింది. తాతయ్య గొడుగు, బాజాలు, అప్పగింతలు... అన్నీ చూశా. 'అయిపోయింది' అనుకున్నా. ఆ ఫైలుని పెన్‌డ్రైవ్‌లో వేసి నానమ్మ టీవీకి పెట్టా.

టీవీ ఆ ఫైలుని గుర్తుపట్టనే లేదు. సైజు చూస్తే 2 కేబీ!

నేను ఇచ్చింది వీడియో కాదు, వీడియో ఎలా చేయాలో రాసిన కాగితం. పులిహోర తెమ్మంటే, చింతపండు ఎంత, పోపు ఎంత అని రాసిన చీటీ పట్టుకెళ్లినట్టు. "ఏమ్మా, రాలేదా?" అంది నానమ్మ. "రేపు చేస్తా నానమ్మా" అన్నా.

ఆ రేపు రాలేదు. ఎన్‌కోడ్ చేయాలంటే నా పాత లాప్‌టాప్ రాత్రంతా, పగలంతా నడవాలి. మధ్యలో కరెంటు పోయేది. దానికి తోడు నాకో రోగం ఉంది. 'రంగు ఇంకొంచెం బాగుచేసి అప్పుడు చేద్దాం' అనుకోవడం. స్క్రిప్ట్‌కి నలభై వెర్షన్లు వచ్చాయి. వీడియో ఒక్కటీ రాలేదు. తర్వాత ప్లేస్‌మెంట్లు, ఉద్యోగం, హైదరాబాద్. మీకు తెలియని కథేం కాదు.

సంక్రాంతికి ఎర్ర అక్షరాలు

2025 సంక్రాంతికి ఇంటికెళ్తే నానమ్మ టీవీ ముందు, చాలా దగ్గరగా కూర్చుని ఉంది. "పక్కలు కనపడట్లేదే, మధ్యలో మాత్రం కనిపిస్తోంది" అంది. గ్లకోమా చాలామందిలో అంచుల నుంచే చూపుని తినేస్తూ వస్తుందట. క్యాసెట్ ఊసు ఆమె ఎత్తలేదు. ఎత్తకపోవడమే నాకు ఎక్కువ గుచ్చుకుంది.

ఆ రాత్రే పాత స్క్రిప్ట్ తెరిచా. తెర మీద పెళ్లికి బదులు ఎర్ర అక్షరాల్లో ఎర్రర్. ఎందుకో చూస్తే కారణాలు వరుసగా బయటపడ్డాయి.

మొదటిది, స్క్రిప్ట్ పిలిచే ప్లగిన్లు కొత్త లాప్‌టాప్‌లో లేవు. క్యూటీజీఎంసీ అనే ఒక్క ఫంక్షన్ పనిచేయాలంటే దాని వెనక ఇంకో నాలుగైదు ప్లగిన్లు కావాలి. రెండోది, ఆ రోజుల్లో నేను వాడింది 32 బిట్, ఇప్పుడున్నది 64 బిట్. ఒకదాని ప్లగిన్లు ఇంకోదాంట్లో లోడ్ కావు. మూడోది, హఫ్‌వైయూవీ తెరిచే కోడెక్ లేదు. ఇవన్నీ ఒక పూట పని. వెతికి, ఇన్‌స్టాల్ చేసి సర్దేశా.

నాలుగోది మాత్రం సర్దగలిగేది కాదు. హార్డ్ డిస్క్ పెడితే కంప్యూటర్ హ్యాంగ్ అయిపోతోంది. మొదటి ఫైల్, 58 నిమిషాలు, పూర్తిగా వచ్చింది. రెండో ఫైల్ కాపీ మధ్యలో ఆగిపోయింది. డీడీరెస్క్యూ అనే టూల్ ఉంది. అది బాగున్న చోట్లు ముందు చదివేసి, పాడైన చోట్లకు తర్వాత మళ్లీ మళ్లీ వెళ్తుంది. దాన్ని రెండు రోజులు నడిపా. రెండో ఫైల్లో 21 నిమిషాలు దక్కాయి. అది కూడా, హఫ్‌వైయూవీలో ప్రతి ఫ్రేమూ దేనికదే పూర్తిగా దాచి ఉంటుంది కాబట్టి. ఫైల్ తెగిపోయినా తెగినచోటు వరకు చూడొచ్చు.

మిగిలిన 31 నిమిషాలు రాలేదు. డేటా రికవరీ చేసేవాళ్లకు చూపిస్తే లోపలి పళ్లెం దెబ్బతిందన్నారు. పోనీ క్యాసెట్ మళ్లీ ఎక్కిద్దామంటే టేపు మీద తెల్లగా బూజు. స్టూడియో ఆయన వీసీఆర్‌ని ఎప్పుడో పాత సామాన్లవాడికి ఇచ్చేశారు.

అప్పుడు అర్థమైంది. స్క్రిప్ట్ బతకాలంటే మూడూ బతికుండాలి. అసలు ఫైళ్లు, అవి ఉన్న చోటు, ప్లగిన్లు. ఒక్కటి పోయినా అది ఉత్త అక్షరాలే. అదే స్క్రిప్ట్‌ని ఎంపీ4గా మార్చి ఉంటే? దానికి కావాల్సింది ఒక్క ప్లేయర్. అది ఇప్పుడు ప్రతి ఫోన్లో, ప్రతి స్మార్ట్ టీవీలో ఉంది.

అంత పెద్దది అంత చిన్నది ఎలా అవుతుంది?

ఒక లెక్క చూడండి. పాల్ వీడియో ఒక ఫ్రేములో 720 అడ్డం, 576 నిలువు చుక్కలు. సెకనుకు 25 ఫ్రేములు. చుక్కకు రెండు బైట్లు వేసుకున్నా సెకనుకు 20 ఎంబీ దాటుతుంది. గంటకు దాదాపు 75 జీబీ! లాస్‌లెస్‌లో దాచినా సగం దాకానే తగ్గుతుంది.

2003లో వచ్చిన హెచ్.264 అనే ప్రమాణం ఇక్కడే తెలివి చూపిస్తుంది. పెళ్లి మండపం పది సెకన్లు అలాగే ఉంటుంది. కదిలేది పంతులుగారి చెయ్యి, హోమం పొగ. మరి ప్రతి ఫ్రేములో అరటి చెట్లని మళ్లీ మళ్లీ ఎందుకు దాచాలి? అందుకే ఒక ఫ్రేముని పూర్తిగా దాచి, తర్వాతివాటిలో మారిందేంటో, ఏ ముక్క ఎటు జరిగిందో మాత్రం రాసుకుంటుంది. మన కన్ను పెద్దగా పట్టించుకోని వివరాలు వదిలేస్తుంది. రంగు విషయంలో కన్ను వెలుగునీడలంత కచ్చితంగా ఉండదు కాబట్టి, రంగుల సమాచారాన్ని తక్కువ వివరంతో దాస్తుంది.

ఈ పని చేసే ఉచిత ఎన్‌కోడర్ పేరు ఎక్స్264. దాన్ని ఎఫ్ఎఫ్ఎంపెగ్ అనే టూల్ ద్వారా వాడతారు. ఎఫ్ఎఫ్ఎంపెగ్‌ని అవీసింథ్ సపోర్ట్‌తో తయారుచేసి ఉంటే, దానికి స్క్రిప్ట్ ఫైలునే నేరుగా ఇన్‌పుట్‌గా ఇవ్వొచ్చు. అవతలి వైపు ఎంపీ4 వస్తుంది. ఒక్క లైను కమాండ్. ఏడేళ్లు వాయిదా వేసింది ఆ ఒక్క లైనునే!

నాణ్యతకు సీఆర్ఎఫ్ అనే అంకె ఉంటుంది. మామూలుగా 23 పెట్టి ఉంటుంది. అంకె తగ్గేకొద్దీ నాణ్యత, సైజు పెరుగుతాయి. పాత టేపు కదా అని నేను 18 పెట్టా. ఇంకోటి ప్రీసెట్. 'స్లో' పెడితే ఎక్కువసేపు ఆలోచించి పొదుపుగా సర్దుతుంది. సూట్‌కేసులో బట్టలు కుక్కడానికీ, మడతపెట్టి సర్దడానికీ ఉన్నంత తేడా.

'ఆయన ఇంత బక్కగా లేడే!'

ముందు అరనిమిషం క్లిప్ చేసి టీవీలో పెట్టా. మాట వినిపిస్తోంది, బొమ్మ లేదు. నేను చేసిన తప్పేంటంటే, క్యాప్చర్ చేసిన ఫైల్లో రంగులు 4:2:2 అనే పద్ధతిలో ఉన్నాయి. నేను ఏమీ చెప్పకపోయేసరికి ఎన్‌కోడర్ కూడా అదే పద్ధతిలో చేసేసింది. టీవీలు, ఫోన్లు చాలావరకు అర్థం చేసుకునేది 4:2:0 మాత్రమే. కమాండులో ఆ మాట చేర్చగానే బొమ్మ వచ్చింది.

నానమ్మ టీవీకి దగ్గరగా జరిగి చూసింది. "ఎవరే? ఆయనా? ఆయన ఇంత బక్కగా లేడే!" అంది.

నాకు ఒక్క క్షణం అర్థం కాలేదు. తర్వాత తట్టింది. పాత టీవీ బొమ్మ 4:3 నిష్పత్తిలో ఉంటుంది. దాన్ని దాచిన 720, 576 అంకెల్లో చుక్కలు చతురస్రాలు కావు, కొంచెం అడ్డంగా సాగి ఉంటాయి. నేను వాటిని చతురస్రాలుగా చూపించేసరికి మనుషులందరూ సన్నగా, పొడుగ్గా అయిపోయారు. సగం చూపున్న ఆవిడ కనిపెట్టింది, రెండు కళ్లూ బాగున్న ఇంజినీర్ కనిపెట్టలేదు! వెడల్పుని 768కి మార్చా. తాతయ్య మళ్లీ తాతయ్య అయ్యారు.

అసలైన నిర్ణయం నడక దగ్గర వచ్చింది. పాత టీవీ సిగ్నల్ ఇంటర్‌లేస్‌డ్. అంటే ఒకసారి బేసి గీతలు, తర్వాత సరి గీతలు, అలా సెకనుకు 50 సార్లు గీస్తుంది. దాన్ని ఇప్పటి తెర మీద అలాగే పెడితే, మనిషి కదిలినప్పుడు అంచుల్లో దువ్వెన పళ్లలా గీతలొస్తాయి. తేలిక దారి, సగం గీతలు పారేసి 25 ఫ్రేములు చేయడం. పని త్వరగా అయిపోతుంది, ఫైల్ చిన్నదవుతుంది. కానీ కదలికలో సగం పోతుంది. క్యూటీజీఎంసీ అయితే ఆ 50ని 50 పూర్తి ఫ్రేములుగా నింపుతుంది. చాలా నెమ్మది. అయినా నానమ్మ అడిగింది నడకే కదా! యాభైయే పెట్టా.

79 నిమిషాలు అంటే 2,37,000 ఫ్రేములు. నా లాప్‌టాప్ సెకనుకు అయిదు చేస్తోంది. లెక్కేస్తే పదమూడు గంటల పైన. కనుమ నాడు సాయంత్రం మొదలుపెట్టి, లాప్‌టాప్ కింద రెండు చెక్క ముక్కలు పెట్టి, ఫ్యాన్ తిప్పి, రాత్రి మధ్యమధ్యలో లేచి చూస్తూ కూర్చున్నా. పొద్దున్న ఏడుకి అయింది. రెండున్నర జీబీ పైచిలుకు. ఎంపీ4.

గొడుగు పట్టుకుని వచ్చారు

నానమ్మ కుర్చీని టీవీ ముందుకి జరిపాం. ఎదుర్కోలు వచ్చింది. బాజాల వెనక నుంచి తాతయ్య గొడుగు పట్టుకుని, ఎడమ కాలు కొంచెం ఈడుస్తూ వచ్చారు. కెమెరా దగ్గరికి వచ్చి, లైటు కళ్లలో పడిందేమో, చెయ్యి అడ్డం పెట్టుకున్నారు. మొత్తం పదకొండు సెకన్లు. నానమ్మ ఏమీ అనలేదు. "మళ్లీ పెట్టు" అంది. ఆ పొద్దున్న ఎన్నిసార్లు పెట్టానో లెక్కలేదు.

మధ్యాహ్నం అందరం మొదటి నుంచి చూశాం. తలంబ్రాలు అయ్యాయి. అందరూ నవ్వుతున్నారు. అక్కడ బొమ్మ ఆగిపోయింది.

"అప్పగింతలేవి?" అంది అమ్మ.

నిజం చెప్పా. ఆ 31 నిమిషాల్లోనే రేపల్లె తాతయ్య ఉన్నారు. అమ్మ చేతుల్ని పాలలో ముంచి నానమ్మ చేతిలో పెట్టి, ఆవిడతో ఏదో చెబుతారు. నేను 2017లో చూశా. అమ్మ ఇంతవరకూ చూడలేదు. ఆ పెళ్లి వీడియోలో మా అమ్మ అడిగింది వాళ్ల నాన్నని. ఆయన ఒకప్పుడు నా దగ్గర ఉన్నారు. నేను రంగులు సరిచేస్తూ కూర్చున్నా.

అమ్మ నన్నేమీ అనలేదు. కాసేపటికి నానమ్మే అంది. "మీ నాన్న నాతో ఏమన్నారో నాకు గుర్తుందమ్మా. 'మా పిల్లకి చీకటంటే భయం, రాత్రిళ్లు వరండాలో లైటు తీయకండి' అన్నారు."

మా ఇంట్లో వరండా లైటు రాత్రంతా వెలుగుతూనే ఉంటుంది. కరెంటు దండగ అని నేనెన్నోసార్లు ఆపబోయా. ప్రతిసారీ నానమ్మ తిట్టి మళ్లీ వేసేది. ఎందుకో అమ్మకీ తెలియదు. ఆ రోజే తెలిసింది.

ఈ రాత్రికి మీరు చేయాల్సింది

స్క్రిప్టులు వద్దని కాదు. నాది ఇప్పటికీ దాచుకున్నా, దానిలోని రెండో ఫైల్ పేరు చెరపలేదు. కానీ ప్రాజెక్టు వేరు, వీడియో వేరు. అవీసింథ్ అయినా, పెద్ద ఎడిటింగ్ సాఫ్ట్‌వేర్ అయినా, ఫోన్లో యాప్ అయినా ఇదే సూత్రం. ప్రాజెక్ట్ ఫైల్లో ఉండేది 'ఎక్కడి నుంచి ఏ ముక్క తీసి ఏం చేయాలి' అన్న సమాచారం. యాప్ తీసేసినా, గ్యాలరీలో అసలు క్లిప్ డిలీట్ చేసినా డ్రాఫ్ట్ పోవచ్చు.

- బాగాలేకపోయినా ముందు ఒకసారి ఎక్స్‌పోర్ట్ చేయండి. మెరుగులు రెండో వెర్షన్లో దిద్దొచ్చు.

- ఎక్కడైనా ఆడాలంటే హెచ్.264 వీడియో, ఏఏసీ ఆడియో, 4:2:0 రంగు, ఎంపీ4 ఫైల్. ఈ నాలుగు మాటలు గుర్తుంచుకోండి.

- మొత్తం చేసేముందు అరనిమిషం ముక్క చేసి, చూడాల్సినవాళ్ల టీవీలో, ఫోన్లో పెట్టి చూడండి. మీ లాప్‌టాప్‌లో ఆడితే సరిపోదు.

- అసలు క్యాప్చర్ ఫైళ్లు, స్క్రిప్ట్, ప్లగిన్లు ఒకే ఫోల్డర్లో పెట్టి, రెండు వేర్వేరు చోట్ల దాచండి. ఒక్క హార్డ్ డిస్కుని నమ్ముకోవద్దు. నేను నమ్ముకున్నా.

- వాట్సాప్‌లో మామూలుగా పంపితే అది మళ్లీ కుదించేస్తుంది. డాక్యుమెంట్‌గా పంపండి. 2 జీబీ దాటితే ముక్కలు చేయాలి.

- ఇంట్లో క్యాసెట్లుంటే, పనిచేసే వీసీఆర్ ఎక్కడుందో ఈ వారమే కనుక్కోండి.

నానమ్మ ఇప్పుడు రోజూ టీవీ చూడట్లేదు, కళ్లు లాగుతున్నాయంటుంది. పెన్‌డ్రైవ్ మాత్రం టీవీ వెనకే ఉంటుంది. నేను ఇంటికెళ్లినప్పుడల్లా ఒకసారి ఆ పదకొండు సెకన్లు పెట్టమంటుంది. కనిపించినంత చూస్తుంది. మిగతాది బాజాల చప్పుడు విని చెబుతుంది... "ఇదిగో, ఇప్పుడు మీ తాత వస్తాడు."